బడి గదులు కట్టి మూడేళ్లు కావస్తోంది, ఫైనల్ బిల్లు రాలేదు. హైకోర్టుకు వెళ్తే పని అవుతుందా?

క్లాస్‌ఫోర్_కాంట్రాక్టర్ అడిగిన ప్రశ్న:

అందరికీ నమస్కారం. మాది తెలంగాణలో ఒక చిన్న మండల కేంద్రం. క్లాస్-4 రిజిస్ట్రేషన్ మీద సీసీ రోడ్లు, డ్రైన్లు, స్కూలు పనులు చేస్తుంటాను. కంపెనీ అంటూ ఏమీ లేదు. నేను, మా బామ్మర్ది, ఒక మిల్లరు, రెండు స్లాబులకు సరిపోయే సెంట్రింగ్ సామాను.

2022 చివర్లో ఒక ప్రభుత్వ హైస్కూల్లో రెండు అదనపు గదులు, టాయిలెట్లు, ప్రహరీ గోడ పని టెండర్లో నాకు వచ్చింది. 41 లక్షల పని, 4 శాతం లెస్‌కు వేశాను. 2023 జూన్‌లో బడి తెరిచేనాటికి గదులు అప్పజెప్పాలని హెడ్మాస్టర్ గారు పట్టుబట్టారు. ఆయన బాధ కూడా నిజమే, అప్పటిదాకా పిల్లలు వరండాలో కూర్చునేవాళ్లు. మే ఎండల్లో స్లాబు వేశాం. క్యూరింగ్‌కు స్కూలు బోరు చాలక ట్యాంకర్లు తోలించాను. బడి తెరిచే ముందు రోజు తాళాలు చేతికిచ్చాను. ఇప్పుడు ఆ గదుల్లో తొమ్మిది, పది తరగతులు నడుస్తున్నాయి. మా అన్న కూతురు అక్కడే పదో తరగతి రాసింది.

పార్ట్ బిల్లు 16 లక్షల చిల్లర పని నడుస్తుండగానే వచ్చింది. ఫైనల్ బిల్లు 21 లక్షల 40 వేలు ఇంకా రాలేదు. ఎంబుక్కులో (కొలతల పుస్తకం) ఏఈ (అసిస్టెంట్ ఇంజనీరు) రికార్డు చేశారు, డీఈ (డిప్యూటీ ఇంజనీరు) చెక్ మెజర్‌మెంట్ చేశారు, ఈఈ (ఎగ్జిక్యూటివ్ ఇంజనీరు) బిల్లు పాస్ చేశారు, చెల్లింపు వరసలో టోకెన్ నంబరు కూడా పడింది. పనిలో ఫలానా లోపం ఉందని ఎవరూ ఒక్క కాగితం ఇవ్వలేదు. పార్ట్ బిల్లులో మినహాయించిన ఎఫ్ఎస్‌డీ (పనికి హామీగా పట్టి ఉంచే డిపాజిట్) వేరే ఉంది. రెండేళ్ల డిఫెక్ట్ లయబిలిటీ (లోపాలు బయటపడితే నేనే సరిచేయాల్సిన) గడువు దాటిపోయినా అదీ ఇవ్వలేదు. ఇన్వాయిస్ ఇచ్చాను కాబట్టి రాని డబ్బుకు జీఎస్టీ మాత్రం చేతి నుంచి కట్టాను.

ఇక అప్పుల సంగతి. ఎనిమిది లక్షలు నూటికి రెండు రూపాయల వడ్డీకి తెచ్చాను, నెలకు 16 వేలు వడ్డీకే పోతున్నాయి. మా ఇంటావిడ బంగారం బ్యాంకులో ఉంది. సిమెంటు, ఇనుము షాపాయన మంచివాడు కాబట్టి ఇంకా ఫోన్లోనే అడుగుతున్నాడు. సెంట్రింగ్ మేస్త్రికి 60 వేలు బాకీ. మొన్న దసరా ముందు ఇంటికొచ్చాడు. వాళ్ల అమ్మాయి కాలేజీ ఫీజు గురించి మాట్లాడాడు, టీ తాగాడు, డబ్బు మాట ఎత్తకుండా లేచి వెళ్లాడు. తిట్టి ఉంటే నాకు కాస్త తేలికగా ఉండేది.

ఆఫీసులో అడిగితే "మా పని అయిపోయింది, ఫైనాన్స్ వాళ్లు రిలీజ్ చేయాలి" అంటారు. హైదరాబాద్‌లో అడిగితే "సీరియల్ ప్రకారం వస్తుంది" అంటారు. ఆ సీరియల్ ఎక్కడుందో ఎవరూ చూపించరు. 2025 మార్చిలో సచివాలయంలో ఉప ముఖ్యమంత్రి చాంబర్ ముందు చిన్న కాంట్రాక్టర్లు బైఠాయించడం టీవీల్లో మీరూ చూసి ఉంటారు. అందులో నాకు తెలిసినవాళ్లు కూడా ఉన్నారు. అంతదాకా వెళ్లారంటే ఎంత విసిగిపోయారో అర్థం చేసుకోండి.

నాకు తెలియాల్సినవి ఇవీ. నేరుగా హైకోర్టులో రిట్ (అధికారులను ఆదేశించమని కోరే పిటిషన్) వేయొచ్చా, లేక సివిల్ కోర్టుకు పొమ్మంటారా? వచ్చే జూన్‌కు పని అయిపోయి మూడేళ్లవుతుంది, ఆ తర్వాత అడిగే హక్కే పోతుందని ఒకరన్నారు, నిజమేనా? మా జిల్లాలో ఇలాంటివాళ్లం చాలామందిమి ఉన్నాం, అందరం కలిసి ఒకటే పిటిషన్ వేస్తే ఖర్చు తగ్గుతుందా? అన్నింటికన్నా పెద్ద భయం ఇది: "కోర్టుకు పోతే నిన్ను బ్లాక్‌లిస్టులో పెడతారు, ఇంకో పని రాదు" అని ఆఫీసులో ఒకాయన నెమ్మదిగా చెప్పాడు. అనుభవం ఉన్నవాళ్లు చెప్పండి.

—

ఉపాధి_పనుల_పాతకాపు రాసిన జవాబు:

తమ్ముడూ, మాది ఆంధ్రా వైపు. నీ పోస్టు చదువుతుంటే నా సంగతే ఎవరో రాసినట్టుంది.

2018లో మా ఊళ్లో ఉపాధి హామీ మెటీరియల్ కాంపోనెంట్ (సామగ్రి కోసం ఇచ్చే నిధులు) కింద సీసీ రోడ్లు వేశాను. 2019లో ప్రభుత్వం మారింది. పాత పనులన్నింటి మీదా విజిలెన్స్ విచారణ అన్నారు, బిల్లులు ఆగిపోయాయి. విచారణ చేయడం తప్పని నేననను. దొంగ బిల్లులు ఉంటే పట్టుకోవాల్సిందే. కానీ విచారణ పేరుతో ఏళ్ల తరబడి అందరి డబ్బూ ఆపడం ఏం న్యాయం? మా రోడ్డుకు కోర్ కటింగ్ మిషన్ తెచ్చి నాలుగు చోట్ల కోసి, సిమెంటు దిమ్మల్లాంటి శాంపిళ్లు తీసుకుపోయారు. ఆ గుంతల్లో సైకిళ్లు పడుతున్నాయని ఊళ్లోవాళ్లు నన్నే అడిగారు. నా డబ్బుతోనే మళ్లీ కాంక్రీటు పోసి పూడ్చాను. మందం సరిపోయిందని రిపోర్టు వచ్చాక కూడా బిల్లు రాలేదు.

అప్పుడు మావాళ్లం చాలామందిమి నేలపాడు వెళ్లి హైకోర్టులో రిట్లు వేశాం. రాష్ట్రం మొత్తం మీద ఇలాంటివి వెయ్యికి పైగా పిటిషన్లు ఉన్నాయి. 2021 అక్టోబరులో వాటిపై కోర్టు తీర్పు ఇచ్చింది, బకాయిలు 12 శాతం వడ్డీతో చెల్లించమంది. ఆ రోజు మా ఇంట్లో అందరం కలిసి ఏడ్చాం.

అయితే ఇది జాగ్రత్తగా విను. ఆర్డరు వచ్చిన మర్నాడే అకౌంట్లో డబ్బు పడదు. ఆర్డరు సర్టిఫైడ్ కాపీ తీసుకుని, కవరింగ్ లెటర్ పెట్టి, ఆర్డర్లో పేర్లున్న ప్రతి ఆఫీసులోనూ ఇచ్చి రసీదు తీసుకోవాలి. గడువు దాటితే కోర్టు ధిక్కరణ పిటిషన్ వేయాలి. మాలో చాలామందికి డబ్బు కదిలింది ధిక్కరణ కేసులో అధికారులు స్వయంగా హాజరు కావాలని నోటీసులు వచ్చాకే. నాకు అసలు వచ్చింది. వడ్డీ కోసం మళ్లీ గట్టిగా తిరగాల్సి వచ్చింది. అయినా కోర్టుకు వెళ్లకపోయి ఉంటే అసలు కూడా వచ్చేది కాదని నా గట్టి నమ్మకం. మా ఊళ్లోనే వెళ్లనివాళ్లను చూశాను కాబట్టి చెబుతున్నాను.

బ్లాక్‌లిస్టు మాట నాకూ చెప్పారు. ఆ తర్వాత కూడా టెండర్లు వేశాను, పనులూ చేశాను.

—

హైకోర్టు_అడ్వకేట్ రాసిన జవాబు:

మీ ప్రశ్న స్పష్టంగా ఉంది కాబట్టి నేనూ సూటిగా చెప్పే ప్రయత్నం చేస్తాను. నేను హైదరాబాద్‌లో ప్రాక్టీసు చేస్తాను, ఇలాంటి కేసులు చూస్తుంటాను.

రిట్ వేయొచ్చు. కాంట్రాక్టు తగాదా కాబట్టి సివిల్ కోర్టుకే పోవాలని ప్రభుత్వ ప్లీడరు తప్పకుండా వాదిస్తారు. అందులో కొంత నిజం ఉంది. సాక్ష్యాలు విచారించి తేల్చాల్సిన తగాదా ఉంటే హైకోర్టు రాజ్యాంగం 226వ అధికరణం కింద దాన్ని సాధారణంగా ముట్టుకోదు. కానీ బాకీ ఉందని ప్రభుత్వమే ఒప్పుకున్నప్పుడు, కాంట్రాక్టు వ్యవహారం అన్న ఒక్క కారణంతో రిట్‌ను తోసిపుచ్చకూడదని సుప్రీంకోర్టు 2003లో ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసు నుంచీ చెబుతూనే ఉంది. మన తెలంగాణదే ఒక కేసుంది. నాదర్‌గుల్ భూముల విషయంలో యూనిటెక్ సంస్థ కట్టిన 165 కోట్లు వాపసు ఇవ్వాల్సిన బాధ్యతపై, రాష్ట్ర పారిశ్రామిక మౌలిక సదుపాయాల సంస్థ టీఎస్ఐఐసీతో నడిచిన వివాదంలో 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఇదే సూత్రాన్ని మళ్లీ చెప్పింది. అంతపెద్ద కంపెనీకి వర్తించిన న్యాయం రెండు గదులు కట్టిన మీకూ వర్తిస్తుంది.

మీ కేసులో బలమంతా ఈఈ పాస్ చేసిన బిల్లు, టోకెన్. పని చేశారా, ఎంత చేశారు, ఎంత ఇవ్వాలి అన్న మూడూ ప్రభుత్వ రికార్డులోనే తేలిపోయాయి. మిగిలింది చెల్లించడం ఒక్కటే.

పిటిషన్‌లో ప్రతివాదులుగా శాఖ ముఖ్య కార్యదర్శి, ఈఈ, పీఏఓ (పే అండ్ అకౌంట్స్ ఆఫీసర్)తో పాటు ఆర్థిక శాఖను తప్పకుండా చేర్చాలి. చాలామంది ఆర్థిక శాఖను వదిలేస్తారు. అప్పుడు ఈఈ వచ్చి "మేం బిల్లు పంపేశాం, నిధులు మా చేతిలో లేవు" అని కౌంటర్ వేస్తారు, ఆర్డరు ఎవరి మీదా పనిచేయకుండా పోతుంది. రెండోది, కోర్టును ఏమి అడుగుతున్నారన్నది. "పిటిషనర్ వినతిపత్రాన్ని పరిశీలించండి" అని మాత్రం రాసి ఊరుకుంటే, కోర్టు కూడా "ఎనిమిది వారాల్లో పరిశీలించండి" అని కేసు ముగించేస్తుంది. వాళ్లు పరిశీలించి "నిధులు రాగానే చెల్లిస్తాం" అని ఒక మెమో ఇస్తారు. సాంకేతికంగా ఆర్డరు అమలైనట్టే! మీరు మళ్లీ మొదటి మెట్టు మీద ఉంటారు. 21 లక్షల 40 వేలు, ఎఫ్ఎస్‌డీ, వడ్డీ, ఫలానా గడువులోగా చెల్లించాలని అంకెలతో సహా అడగండి.

ఇక మూడేళ్ల సంగతి. సివిల్ దావాకు అది నిజమే. చేసిన పనికి డబ్బు రాబట్టే దావాకు లిమిటేషన్ చట్టంలో గడువు మూడేళ్లు. రిట్‌కు అలాంటి నిర్దిష్టమైన గడువు లేదు గానీ, దావా గడువు దాటాక వస్తే ఇంతకాలం ఏం చేశారని కోర్టు అడుగుతుంది. ఆ మూడేళ్లు పూర్తికాకముందే "మీకు ఇంత బాకీ ఉంది" అని అధికారి సంతకంతో ఒక్క ఉత్తరం సంపాదిస్తే అదే చట్టం 18వ సెక్షన్ ప్రకారం ఆ తేదీ నుంచి గడువు మళ్లీ మొదలవుతుంది. టోకెన్ చీటీ ఒక్కటే అందుకు సరిపోతుందని నమ్ముకోవద్దు. జూన్ దాకా ఆగొద్దు కూడా.

సివిల్ దారిలోనే వెళ్లాల్సి వస్తే ముందు సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 80వ సెక్షన్ కింద ప్రభుత్వానికి నోటీసు ఇచ్చి రెండు నెలలు ఆగాలి. నిర్మాణ ఒప్పందం, విలువ 3 లక్షలు దాటింది కాబట్టి కమర్షియల్ కోర్టు పరిధిలోకి వస్తుంది. అత్యవసర ఉత్తర్వు అడగకపోతే దావాకు ముందు మీడియేషన్ తప్పనిసరి. నోటీసుకు, మీడియేషన్‌కు పట్టే కాలాన్ని మూడేళ్ల లెక్కలోంచి మినహాయిస్తారు. కోర్టు ఫీజు దావా విలువను బట్టి ఉంటుంది. డిక్రీ వచ్చాక కూడా ప్రభుత్వం మీద అమలు చేయించడానికి మూడు నెలలు ఆగాలి. అందుకే మీలాంటి ఒప్పుకున్న బిల్లుకు ముందు రిట్టే మేలని నా అభిప్రాయం.

అందరూ కలిసి ఒకటే పిటిషన్ వద్దు. ఎవరి అగ్రిమెంటు వారిది, ఎవరి బిల్లు వారిది. ఒకరి ఎంబుక్కులో తేడా ఉంటే దాన్ని పట్టుకుని మొత్తం పిటిషన్‌ను సాగదీస్తారు. ఒకే లాయరు దగ్గర విడివిడిగా వేసి, అన్నీ కలిపి వినమని కోరవచ్చు. ఫీజు కూడా అలా తగ్గించుకోవచ్చు.

బ్లాక్‌లిస్టు గురించి: నోటీసు ఇవ్వకుండా, మీ వాదన వినకుండా ఆ పని చేయడానికి వీల్లేదని సుప్రీంకోర్టు 1974లో ఎరూషియన్ ఎక్విప్‌మెంట్ కేసులోనే చెప్పింది. కోర్టుకు వెళ్లడం దానికి కారణమే కాదు. మీతో ఆ మాట అన్నాయన దాన్ని కాగితం మీద పెట్టగలరేమో అడగండి.

—

రిటైర్డ్_వర్క్స్_అకౌంట్స్ రాసిన జవాబు:

బాబూ, నేను ముప్పై ఏళ్లు వర్క్స్ అకౌంట్స్‌లో చేశాను. లాయరు గారు చెప్పినదంతా సరే. కానీ కోర్టు మెట్లెక్కే ముందు నీ ఫైలు ఏ స్థితిలో ఉందో నువ్వు కళ్లతో చూడాలి. ఎవరో చెప్పింది నమ్మి అఫిడవిట్ రాయించకు.

సమాచార హక్కు దరఖాస్తు పెట్టు. ఫీజు 10 రూపాయలు, మండల స్థాయి ఆఫీసు అయితే 5. ఎంబుక్కు పేజీల నకళ్లు, చెక్ మెజర్‌మెంట్ చేసిన తేదీ, క్వాలిటీ కంట్రోల్ రిపోర్టు, కంప్లీషన్ సర్టిఫికెట్, బిల్లు పాస్ ఆర్డరు, టోకెన్ తేదీ, ప్రస్తుత స్థితి అడుగు. 30 రోజుల్లో ఇవ్వకపోతే అదే ఆఫీసులో పై అధికారికి అప్పీలు. ఆ కాగితం మీద ఆఫీసు ముద్ర పడి వస్తుంది చూడు, రేపు కోర్టులో అదే నీకు సాక్షి.

ముఖ్యంగా చూడాల్సినది ఒకటుంది. ఆర్థిక సంవత్సరం ముగిసినప్పుడు పెండింగ్ బిల్లులు కొన్ని వెనక్కి వచ్చేస్తుంటాయి. మళ్లీ ఆన్‌లైన్‌లో పెడితే తప్ప లైన్లో ఉండవు. కాంట్రాక్టరు పాత టోకెన్ నంబరు పట్టుకుని తిరుగుతుంటాడు, అక్కడ బిల్లే ఉండదు. ఈ బాధ నా కళ్లారా చూశాను, చెప్పాల్సినవాళ్లు చెప్పరు. నీ టోకెన్ ఇప్పటికీ బతికుందా లేదా ముందు తేల్చుకో.

ఇంకోటి. అగ్రిమెంటు గడువులోపే పని అయిందా? దాటితే ఎక్స్‌టెన్షన్ ఆఫ్ టైమ్ మంజూరైందా? ఎస్టిమేట్‌లో లేని ఐటమ్ ఏమైనా చేశావా?

—

క్లాస్‌ఫోర్_కాంట్రాక్టర్:

అందరికీ చేతులెత్తి దండం. గడువులోపే అయింది సార్. కానీ మీ చివరి ప్రశ్న దగ్గర నాకు గుండె ఆగినంత పనైంది. ప్రహరీ గోడ ఒకవైపు నల్లరేగడి నేల. డ్రాయింగ్‌లో మూడడుగుల పునాది ఉంది. తవ్వితే అక్కడ గట్టి నేల తగల్లేదు. డీఈ గారు వచ్చి చూసి, ఐదడుగులకు దించి, కింద ప్లింత్ బీమ్ కూడా వేయమన్నారు. వేయకపోతే మొదటి వానకే గోడ పగిలేది, పిల్లలు తిరిగే చోటు. నేను రెండో ఆలోచన లేకుండా వేశాను. దానికి 2 లక్షల 10 వేలు అయింది. రివైజ్డ్ ఎస్టిమేట్ పంపామన్నారు, మంజూరు కాలేదు. ఈ మొత్తం నేను పైన చెప్పిన 21 లక్షల 40 వేలలో లేదు. దీన్నీ కలిపి అడగాలా?

—

హైకోర్టు_అడ్వకేట్:

కలపొద్దు. మీరు చేసింది సరైన పనే, ఆ డబ్బు మీకు రావాల్సిందే. కానీ రివైజ్డ్ ఎస్టిమేట్ మంజూరు కాకుండా దాన్ని రిట్‌లో పెడితే, ప్రభుత్వ ప్లీడరు లేచి "మొత్తం వివాదంలో ఉంది" అనే అవకాశం మీరే ఇచ్చినట్టవుతుంది. 2 లక్షల కోసం 21 లక్షలు ఇరుక్కుంటాయి. ఒప్పుకున్న మొత్తానికి రిట్ వేయండి. అదనపు పునాదికి విడిగా వినతిపత్రం ఇచ్చి, డీఈ గారు సైట్ ఆర్డర్ బుక్కులో రాసిన పేజీ నకలు ఆర్‌టీఐలో అడగండి. ఆ హక్కును వదులుకోవడం లేదని రిట్ అఫిడవిట్‌లో ఒక్క వాక్యం మాత్రం రాయించండి. అవసరమైతే దానికి మూడేళ్లలోపు సివిల్ దావా వేసుకోవచ్చు.

—

ఉపాధి_పనుల_పాతకాపు:

సైట్ ఆర్డర్ బుక్కు పేజీని ఈ వారమే ఫోన్లో ఫొటో తీసుకో తమ్ముడూ. బదిలీల్లో ఆ పుస్తకాలు ఎక్కడికి పోతాయో ఎవరికీ తెలియదు.

—

క్లాస్‌ఫోర్_కాంట్రాక్టర్:

పేజీ ఉంది అన్నా, ఇవాళ పొద్దున వెళ్లి ఫొటో తీసుకున్నాను. డీఈ గారి సంతకం, తేదీ స్పష్టంగా ఉన్నాయి. ఆయన వేరే జిల్లాకు బదిలీ అయ్యారు గానీ, ఫోన్ చేస్తే "నేను చెప్పే వేయించాను, ఎక్కడ అడిగినా అదే చెబుతా" అన్నారు. అలాంటివాళ్లు కూడా ఉన్నారని ఇక్కడ రాయాలనిపించింది. ఆర్‌టీఐ దరఖాస్తు కూడా ఇచ్చేసి రసీదు తీసుకున్నాను. టోకెన్ సంగతి మాత్రం పెద్దాయన అన్నట్టే అయింది. పాతది రద్దయి బిల్లు ఆఫీసుకు వెనక్కి వచ్చి ఉంది. ఎప్పుడో వచ్చిందట, నాకు ఎవరూ చెప్పలేదు. మళ్లీ ఆన్‌లైన్‌లో పెట్టించాను, కొత్త టోకెన్ పడింది.

ఒక చివరి మాట. బిల్లు మళ్లీ పెట్టేటప్పుడు ఒక కాగితం చూపించి సంతకం పెట్టమన్నారు. "ఆలస్యానికి వడ్డీ గానీ, వేరే ఏ మొత్తం గానీ అడగను" అని ఉంది. ఇంటికి తీసుకెళ్లి చదివి ఇస్తానని తెచ్చుకున్నాను. పెట్టనా, వద్దా?

—

హైకోర్టు_అడ్వకేట్:

పెట్టొద్దు. బిల్లు చెల్లించడానికి అలాంటి హామీ కావాలని మీ అగ్రిమెంటులో ఏ క్లాజు కిందైనా ఉందా అని రాతపూర్వకంగా అడగండి. సంతకం లేకుండా బిల్లు తీసుకోబోమని వాళ్లంటే ఆ మాటే కాగితం మీద ఇమ్మనండి. డబ్బు అందుకునేటప్పుడు రసీదు మీద "నా హక్కులకు భంగం లేకుండా, అభ్యంతరంతో స్వీకరిస్తున్నాను" అని మీ చేత్తో రాసి సంతకం చేయండి. ఆ ముసాయిదా కాగితం పారేయకండి, రిట్‌కు జత చేద్దాం.

రిట్‌లో ఆర్డరు వచ్చాక దాన్ని అమలు చేయకపోతే ధిక్కరణ పిటిషన్‌కు ఏడాదే గడువు. "ఇస్తాం, ఇస్తాం" అని తిప్పుతూ ఆ ఏడాది దాటించేసినవాళ్లను చూశాను. ఆర్డరు వచ్చిన రోజే ఆ తేదీ గోడ మీద క్యాలెండర్లో రాసిపెట్టండి.

—

రిటైర్డ్_వర్క్స్_అకౌంట్స్:

కొత్త టోకెన్ చీటీకి జిరాక్సు తీయించు బాబూ. ఆ కాగితం మీద అచ్చు ఆర్నెల్లలో చెరిగిపోతుంది.